స్విచ్ చిప్ పక్కనే ఆప్టిక్స్: సీపీఓ గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

కో-ప్యాకేజ్డ్ ఆప్టిక్స్, పొట్టిగా సీపీఓ. డేటా సెంటర్ నెట్‌వర్క్ పనిలో ఉన్నవాళ్ల మధ్య ఈ మాట వస్తే చాలు, అవే సందేహాలు మళ్లీ మళ్లీ వస్తున్నాయి. అడిగే మనుషులు మారతారు గానీ ప్రశ్నలు మారవు. అందుకే వాటిని ఒకచోట చేర్చాను. దేనికదే విడిగా చదువుకోవచ్చు, వరస పాటించనక్కర్లేదు. కొన్ని జవాబుల్లో నా అభిప్రాయాలూ ఉన్నాయి. అక్కడ ఆ మాట చెప్పే రాశాను.

## మొదట వచ్చే సందేహాలు

సీపీఓ అంటే ఏమిటి? రెండు ముక్కల్లో చెప్పండి.

సర్వర్ల మధ్య డేటాను మళ్లించే స్విచ్ పెట్టె, ఇప్పుడు వాడుతున్నది, తెరిస్తే మధ్యలో స్విచ్ చిప్ కనిపిస్తుంది. విద్యుత్ సిగ్నల్‌ను కాంతిగా మార్చే మాడ్యూళ్లు ముందు ప్యానెల్‌లో గుచ్చి ఉంటాయి, వీటినే ప్లగబుల్ అంటారు. ఆ రెంటి మధ్య బోర్డు మీద పది, ఇరవై సెంటీమీటర్లు, కొన్ని పోర్టులకు అంతకంటే ఎక్కువే, రాగి దారి ఉంటుంది. సీపీఓలో కాంతిగా మార్చే పనిని చిన్నచిన్న ఆప్టికల్ ఇంజిన్లకు అప్పగించి, వాటిని చిప్ కూర్చున్న సబ్‌స్ట్రేట్ (ప్యాకేజీకి ఆధారమైన పలక) మీదే చిప్ చుట్టూ అమరుస్తారు. అక్కడి నుంచి ముందు ప్యానెల్ దాకా వెళ్లేది ఫైబరే.

ప్లగబుల్ మాడ్యూళ్లు బాగానే నడుస్తున్నాయి కదా, వాటిని ఎందుకు కదిలించాలి?

ఇబ్బంది మాడ్యూల్‌లో లేదు, మాడ్యూల్ దాకా వెళ్లే రాగిలో ఉంది. ఒక లేన్ (సిగ్నల్ నడిచే ఒక్కో దారి) మీద సెకనుకు 100 గిగాబిట్లు పంపేటప్పుడు సిగ్నల్ దాదాపు 26.5 గిగాహెర్ట్జ్ దాకా విస్తరిస్తుంది. 200 గిగాబిట్లకు వెళ్తే అది 53 గిగాహెర్ట్జ్ అవుతుంది. ఫ్రీక్వెన్సీ పెరిగే కొద్దీ అదే బోర్డు, అదే దూరం మరింత సిగ్నల్‌ను మింగేస్తాయి. 200 గిగాబిట్ల లేన్ మీద చిప్ నుంచి ప్లగబుల్ మాడ్యూల్ దాకా నష్టం 22 డెసిబెల్స్ వరకు ఉంటుందనీ, ఇంజిన్‌ను చిప్ పక్కన పెడితే అది 4 డెసిబెల్స్ దగ్గరికి దిగుతుందనీ ఎన్విడియా చెబుతోంది. 22 డెసిబెల్స్ అంటే పంపిన శక్తిలో చేరేది నూట యాభైలో ఒక వంతు. 4 డెసిబెల్స్ అయితే నలభై శాతం చేరుతుంది.

ఆ నష్టాన్ని పూడ్చడానికే మాడ్యూల్ లోపల డీఎస్పీ (డిజిటల్ సిగ్నల్ ప్రాసెసర్) చిప్ ఒకటి పెడతారు. నలిగిపోయిన సిగ్నల్‌ను అది మళ్లీ నిటారుగా నిలబెట్టి లేజర్‌కు అందిస్తుంది. మాడ్యూల్ తాగే కరెంటులో పెద్ద వాటా దానిదే. స్విచ్ చిప్‌లో సిగ్నల్ పంపి, అందుకునే సెర్‌డెస్ అనే సర్క్యూట్ కూడా అంత దూరం తోయాల్సి రావడం వల్ల ఎక్కువ తాగుతుంది. దూరం తగ్గితే ఈ రెండు ఖర్చులూ తగ్గుతాయి. సీపీఓ లాభాన్ని చాలామంది కాంతి ఖాతాలో రాస్తారు. నిజానికి అందులో ఎక్కువ భాగం రాగి దారి కుదించడం వల్ల వచ్చిందే.

ఇది ఇంకా ల్యాబ్‌లోనే ఉందా?

ల్యాబ్ దాటింది. అందరి చేతికీ మాత్రం ఇంకా రాలేదు. ఇంటెల్ 2020 మార్చిలో 12.8 టెరాబిట్ల టోఫినో 2 స్విచ్ చిప్ పక్కన సిలికాన్ ఫోటోనిక్స్ (సిలికాన్ మీదే కాంతిని నడిపించే) ఇంజిన్లు పెట్టి చూపించింది. బ్రాడ్‌కామ్ మొదట తన టోమహాక్ 4 చిప్‌తో హంబోల్ట్ అనే సీపీఓ స్విచ్ చేసింది. తర్వాత టోమహాక్ 5తో, ఒక్కోటి 6.4 టెరాబిట్ల ఇంజిన్లు ఎనిమిది కలిపి, 51.2 టెరాబిట్ల బైలీ చేసి 2024లో వినియోగదారులకు పంపడం మొదలుపెట్టింది. సిస్కో 2023లో 25.6 టెరాబిట్ల నమూనా చూపించింది. 2025 మార్చిలో ఎన్విడియా క్వాంటమ్-ఎక్స్ ఫోటోనిక్స్, స్పెక్ట్రమ్-ఎక్స్ ఫోటోనిక్స్ స్విచ్‌లు ప్రకటించాక ఈ చర్చ ఒక్కసారిగా ఊపందుకుంది. ఏఐ క్లస్టర్లు కట్టేవాళ్లే ముందు వరసలో ఉన్నారు. మామూలు ఎంటర్‌ప్రైజ్ డేటా సెంటర్‌కు ఇప్పట్లో తొందరేమీ లేదు.

ఎల్‌పీఓ, ఎన్‌పీఓ, సీపీఓ: ఏది ఏమిటో కలగాపులగం అయిపోతోంది.

డీఎస్పీ ఎక్కడుంది, ఇంజిన్ ఎక్కడుంది అన్న రెండు విషయాలు చూస్తే తేలిపోతుంది.

ఎల్‌పీఓ (లీనియర్ ప్లగబుల్ ఆప్టిక్స్) పైకి మామూలు ప్లగబుల్ మాడ్యూలే. లోపల డీఎస్పీ తీసేస్తారు, సిగ్నల్‌ను చక్కదిద్దే భారం స్విచ్ చిప్ సెర్‌డెస్ మోస్తుంది. ముందు ప్యానెల్‌లోనే ఉంటుంది కాబట్టి ఇప్పటిలాగే పీకి మార్చుకోవచ్చు. 100 గిగాబిట్ల లేన్ల దగ్గర బాగా నడుస్తుంది. 200 దగ్గర రాగి దూరమే మళ్లీ అడ్డొస్తుంది. ఎన్‌పీఓ (నియర్-ప్యాకేజ్డ్ ఆప్టిక్స్)లో ఇంజిన్‌ను బోర్డు మీద, చిప్ ప్యాకేజీకి పక్కన, సాధారణంగా సాకెట్‌లో పెడతారు. సీపీఓలో ఇంజిన్ చిప్ ప్యాకేజీలోనే భాగం. చిప్‌కు దగ్గరయ్యే కొద్దీ కరెంటు మిగులుతుంది, మరమ్మతు కష్టమవుతుంది. ఈ మూడు పేర్ల తేడా అంతా ఆ బేరంలోనే ఉంది.

గూగుల్ వాడే ఆప్టికల్ సర్క్యూట్ స్విచ్ ఇదేనా?

కాదు. అక్కడ కాంతిని విద్యుత్తుగా మార్చరు. సన్నని అద్దాలు తిప్పి ఒక ఫైబర్‌లోని కాంతిని ఇంకో ఫైబర్‌లోకి మళ్లిస్తారు, ప్యాకెట్‌ను చదివే పనే లేదు. సీపీఓ స్విచ్ మామూలు ప్యాకెట్ స్విచ్. మారింది దాని పోర్టుల అమరిక ఒక్కటే. ఒకే నెట్‌వర్క్‌లో రెండూ ఉండవచ్చు.

## లోపల ఏం జరుగుతుంది

లేజర్ కూడా చిప్ పక్కనే ఉంటుందా? ఆ వేడికి తట్టుకుంటుందా?

తట్టుకోలేదనే చాలా డిజైన్లలో లేజర్‌ను బయటే ఉంచారు. సిలికాన్ కాంతిని నడిపించగలదు గానీ, దాని అణు నిర్మాణం వల్ల సమర్థంగా కాంతిని పుట్టించలేదు. అందుకే లేజర్‌కు ఇండియం ఫాస్ఫైడ్ లాంటి వేరే పదార్థం కావాలి. ఆ లేజర్లకు వేడి పడదు: ఉష్ణోగ్రత పెరిగితే సామర్థ్యం పడిపోతుంది, ఆయుష్షు తగ్గుతుంది. వందల వాట్లు తాగే స్విచ్ చిప్ పక్కన వాటిని కూర్చోబెట్టడం ఏ రకంగానూ తెలివైన పని కాదు.

కాబట్టి లేజర్లు ముందు ప్యానెల్‌లో, చల్లని గాలి తగిలే చోట, పీకి మార్చగల మాడ్యూళ్లలో ఉంటాయి. అక్కడి నుంచి కాంతి ప్రత్యేకమైన ఫైబర్‌లో, ధ్రువణ దిశ మారకుండా, ఇంజిన్ దాకా వస్తుంది. ఇంజిన్ చేసేదల్లా ఆ నిలకడైన కాంతి మీద డేటాను చెక్కడం. ఈ లేజర్ మాడ్యూళ్ల కోసం, ఆప్టికల్ నెట్‌వర్క్ ప్రమాణాలు రూపొందించే ఓఐఎఫ్ సంస్థ ఈఎల్‌ఎస్‌ఎఫ్‌పీ అనే ఉమ్మడి నిర్దేశాన్ని 2023లో విడుదల చేసింది. ఆప్టిక్స్‌లో తరచుగా పాడయ్యే భాగం లేజరే. దాన్ని చేతికందే చోట ఉంచడం ఈ మొత్తం రూపకల్పనలో నాకు బాగా నచ్చిన నిర్ణయం.

మాక్-జెండర్, మైక్రోరింగ్ అంటున్నారు. కొనేవాడిగా నేను ఇది పట్టించుకోవాలా?

కొంచెం. కాంతి మీద డేటాను చెక్కే భాగాన్ని మాడ్యులేటర్ అంటారు. మాక్-జెండర్ రకం మిల్లీమీటర్ల పొడవుంటుంది, ఉష్ణోగ్రత మార్పులకు అంతగా చలించదు. మైక్రోరింగ్ అయితే పది మైక్రాన్ల (మైక్రాన్ అంటే మిల్లీమీటరులో వెయ్యో వంతు) వ్యాసం చుట్టుపక్కల ఉండే చిన్న ఉంగరం. చోటూ కరెంటూ చాలా ఆదా. అయితే అది ఒకే తరంగదైర్ఘ్యానికి శ్రుతి చేసి ఉంటుంది, ఒక డిగ్రీ వేడి పెరిగితే ఆ శ్రుతి సుమారు 0.07 నుంచి 0.1 నానోమీటర్ జరిగిపోతుంది. పక్కనే స్విచ్ చిప్ ట్రాఫిక్‌ను బట్టి వేడెక్కుతూ చల్లారుతూ ఉంటుంది కాబట్టి, ప్రతి ఉంగరానికీ బుల్లి హీటరూ దాన్ని నియంత్రించే సర్క్యూటూ పెడతారు. ఎన్విడియా మైక్రోరింగ్ దారి ఎంచుకుంది. అమ్మేవాళ్లను మీరు అడగాల్సింది మాడ్యులేటర్ పేరు కాదు. ట్రాఫిక్ సున్నా నుంచి పూర్తి స్థాయికి ఒక్కసారిగా లేచినప్పుడు ఎర్రర్ రేటు ఎలా కదిలిందో కొలతలు చూపించమనండి.

డీఎస్పీ తీసేస్తే తప్పులను ఎవరు సరిదిద్దుతారు?

తప్పులను దిద్దే ప్రధాన బాధ్యత మొదటి నుంచీ స్విచ్ చిప్‌లోని ఎఫ్‌ఈసీదే (డేటాతో అదనపు గుర్తులు పంపి తప్పులు దిద్దే పద్ధతి), అది ఎక్కడికీ పోలేదు. 100 గిగాబిట్ల పామ్-4 (నాలుగు స్థాయిల సిగ్నల్ వాడే) లేన్ల మీద ఈథర్‌నెట్ వాడేది 544 గుర్తులకు 514 డేటా గుర్తులు ఉండే రీడ్-సాలమన్ కోడ్. దాదాపు పదివేల బిట్లకు రెండు తప్పుల దాకా వచ్చినా అది శుభ్రం చేస్తుంది. డీఎస్పీ చేసేది సిగ్నల్ ఆకారాన్ని చక్కదిద్దడం. దారి కుదించుకుపోయాక ఆ పనికి చిప్‌లోని సెర్‌డెస్ సరిపోతుంది.

అయితే ఆలస్యం కూడా తగ్గుతుందా?

డీఎస్పీ వంతు కొన్ని పదుల నానోసెకన్లు తగ్గుతుంది. ఎఫ్‌ఈసీ వల్ల వచ్చే ఆలస్యం అలాగే ఉంటుంది. ఫైబర్‌లో మీటరుకు 5 నానోసెకన్లు ఎటూ తప్పవు. ఆలస్యం కోసమే సీపీఓ కొంటామంటే నేను వద్దంటాను.

జుట్టంత ఫైబర్‌ను చిప్‌కు ఎలా అతికిస్తారు?

ఈ మొత్తం వ్యవహారంలో అసలు కష్టం ఇక్కడే ఉంది. సింగిల్‌మోడ్ ఫైబర్‌లో కాంతి నడిచే గర్భం దాదాపు 9 మైక్రాన్లు. సిలికాన్ మీద కాంతి నడిచే దారి వెడల్పు అర మైక్రాన్. ఆ పెద్ద కాంతి మచ్చను ఈ సన్నని దారిలోకి దింపాలి. చిప్ అంచు దగ్గర దారిని క్రమంగా సన్నం చేస్తూ పోతే కాంతి మచ్చ వెడల్పవుతుంది; దానికి ఎదురుగా సిలికాన్‌లోనే వి ఆకారంలో గాడులు చెక్కి, ఒక్కో గాడిలో ఒక్కో ఫైబర్ పడుకోబెట్టి, కాంతికి అడ్డురాని జిగురుతో బిగిస్తారు. ఒక మైక్రాన్ పక్కకు జరిగితే నష్టం కనిపిస్తుంది.

జిగురుకు ఇంకో పరీక్ష ఉంది. ప్యాకేజీని బోర్డుకు అతికించేటప్పుడు సోల్డర్ కోసం 240 నుంచి 260 డిగ్రీల సెల్సియస్ దాకా వేడి చేస్తారు. ఫైబర్ ముందే అతికి ఉంటే ఆ జిగురు ఆ వేడిని ఓర్చుకోవాలి, వేలాడే ఫైబర్లు కొలిమిలో చిక్కుపడకూడదు. అందుకే సోల్డర్ పని అయ్యాక ఫైబర్ తగిలించేలా, ఊడదీసి పెట్టుకోగల కనెక్టర్ల మీద చాలా కృషి జరుగుతోంది.

ఇంకో పరిమితి చిప్ అంచు పొడవు. 127 మైక్రాన్ల ఎడంతో ఫైబర్లు వరసగా పేర్చినా మిల్లీమీటరుకు ఎనిమిది కూడా నిండుగా పట్టవు. అందుకే ఒకే ఫైబర్‌లో నాలుగు తరంగదైర్ఘ్యాలు పంపే పద్ధతికి ఇక్కడ విలువ ఎక్కువ.

## కొనే ముందు

కరెంటు నిజంగా ఎంత మిగులుతుంది? కరపత్రం లెక్క కాకుండా చెప్పండి.

ముందు పెట్టె లెక్క. డీఎస్పీ ఉన్న 800 గిగాబిట్ల ప్లగబుల్ దాదాపు 15 వాట్లు తీసుకుంటుంది. 51.2 టెరాబిట్ల స్విచ్‌కు అలాంటివి 64, అంటే 960 వాట్లు ఒక్క ఆప్టిక్స్‌కే. అదే 800 గిగాబిట్లకు బైలీ విషయంలో బ్రాడ్‌కామ్ చెప్పే అంకె 5.5 వాట్లు, 64తో హెచ్చిస్తే 352. పెట్టెకు 600 వాట్లు తేడా. 1.6 టెరాబిట్ల పోర్టు విషయంలో ఎన్విడియా చెప్పేది 30 వాట్ల నుంచి 9 వాట్లకు.

ఇప్పుడు క్లస్టర్ లెక్క. మూడు అంచెల నెట్‌వర్క్‌లో ఎక్కడా కుదింపు (పై అంచెకు వెళ్లే సామర్థ్యం తగ్గించడం) లేకపోతే, ఒక్కో జీపీయూ వాటాకు మూడు లింకులు, అంటే ఆరు ఆప్టికల్ కొసలు వస్తాయి: సర్వర్ కార్డు దగ్గర ఒకటి, మిగతా ఐదూ స్విచ్‌ల వైపు. సీపీఓ స్విచ్ కొంటే ఆ ఐదూ మారతాయి, సర్వర్ కార్డు దగ్గరి ప్లగబుల్ అలాగే ఉంటుంది. ఈ ఆరో కొసను చాలా కరపత్రాలు మరిచిపోతాయి. సర్వర్ నుంచి మొదటి స్విచ్ దాకా మీరు రాగి కేబులే వాడుతుంటే ఆ అంచెలో రెండు కొసలూ ముందే లేవు, అక్కడ సీపీఓ మిగిల్చేది సున్నా.

అంకె చూసినప్పుడల్లా ఒకటి అడగండి: ఇందులో బయటి లేజర్ కరెంటు కలిపారా? లేజర్‌ను వదిలేసి ఇంజిన్ ఒక్కదాని వాట్లు చెప్పడం మామూలైపోయింది.

ఒక ఇంజిన్ పాడైతే పెట్టె మొత్తం మార్చాల్సిందేనా?

ఇంజిన్‌ను ప్యాకేజీకి సోల్డర్ చేసి ఉంటే, అవును, పెట్టె మొత్తం వెనక్కి వెళ్తుంది. ఇంజిన్ ఊడదీయగల రకమైతే ఫ్యాక్టరీలోనో సర్వీస్ సెంటర్‌లోనో మార్చవచ్చు, కానీ అర్ధరాత్రి డ్యూటీలో ఉన్న టెక్నీషియన్ ర్యాక్ ముందు నిలబడి చేసే పని మాత్రం కాదు. కొనాలా వద్దా అన్నది చివరికి ఈ ఒక్క జవాబు మీదే ఆధారపడుతుందని నా నమ్మకం. అందుకే కాస్త వివరంగా.

ప్లగబుల్ పోతే ఏం పోతుంది? ఒక 800 గిగాబిట్ల పోర్టు. కొత్తది గుచ్చితే పది నిమిషాల్లో పని అయిపోతుంది, మిగతా 63 పోర్టులకు విషయమే తెలియదు. 6.4 టెరాబిట్ల ఇంజిన్ పూర్తిగా పోతే? 51.2 టెరాబిట్లలో ఎనిమిదో వంతు. దాన్ని బాగుచేయడానికి పెట్టె తీయాలంటే బాగున్న ఏడు వంతులనూ ఆపాలి. సర్వర్లకు నేరుగా తగిలించిన స్విచ్ అయితే ఆ సర్వర్లన్నీ ఖాళీ చేయించాలి. పై అంచెలో ఉండి ట్రాఫిక్‌కు ప్రత్యామ్నాయ దారులు ఉంటే నొప్పి చాలా తక్కువ. కాబట్టి మొదట పెట్టదలిస్తే పై అంచెలో పెట్టండి.

మరోవైపు, పాడయ్యే సందర్భాలే తగ్గుతాయన్న వాదనలో బలముంది. డీఎస్పీ లేదు, లేజర్ బయట ఉంది, మనుషులు చేయి పెట్టే చోట్లు తగ్గాయి. మాడ్యూల్ సరిగ్గా గుచ్చకపోవడం, కాంటాక్టుల మీద మురికి లాంటివి ఇక్కడ ఉండవు. ఎన్విడియా పదిరెట్లు దృఢత్వం అంటోంది. మెటా దగ్గర బైలీ స్విచ్‌లు 400 గిగాబిట్ల పోర్టు లెక్కన పది లక్షల గంటలు ఒక్క ఫ్లాప్ (లింక్ పడి లేవడం) కూడా లేకుండా నడిచాయని 2025లో బ్రాడ్‌కామ్ ప్రకటించింది. మంచి వార్తే. కానీ ఆ అంకెను పక్కన పెట్టుకుని చిన్న గుణకారం చేయండి: 128 పోర్టులున్న ఒక్క పెట్టె ఏడాది నడిస్తే 11 లక్షల పోర్టు-గంటలు దాటుతాయి. అంటే ప్రపంచం ముందున్న ఆ రుజువు ఒక పెట్టె ఏడాది నడిచినంత. అయిదేళ్లు, వెయ్యి పెట్టెలు అన్న స్థాయి రుజువుకు ఇంకా కాలం పట్టాలి.

ఒప్పందంలో రాయించుకోవాల్సినవి: ఎన్ని లేన్లు పోతే పెట్టెను పాడైనట్టు లెక్కగడతారు, మారు పెట్టె ఎన్ని గంటల్లో వస్తుంది, పాడైన ఇంజిన్‌ను కొత్తదానితో మారుస్తారా లేక పెట్టెనే పారేస్తారా. ఇంజిన్‌లో అదనపు లేన్లు ఉన్నాయా అని కూడా అడగండి.

సీపీఓ కొంటే ఒకే కంపెనీకి కట్టుబడిపోతామా?

ఒక మేరకు అవును. ఇప్పుడైతే స్విచ్ ఒకరి దగ్గర, మాడ్యూళ్లు నలుగురి దగ్గర కొని ధర తగ్గించుకుంటున్నారు. సీపీఓలో ఆప్టిక్స్ స్విచ్‌తోనే వస్తుంది, ఆ బేరం పోతుంది. ఓఐఎఫ్ 2023లో 3.2 టెరాబిట్ల కో-ప్యాకేజ్డ్ మాడ్యూల్‌కు ఉమ్మడి నిర్దేశం తెచ్చింది. పెద్ద కంపెనీలు మాత్రం ఎవరి ఇంజిన్ వాళ్లే చేసుకుంటున్నాయి. లేజర్ మాడ్యూల్ మాత్రం ఇతరుల దగ్గర కొనుక్కునే వీలుందేమో చూసుకోండి. తరచూ మార్చాల్సింది అదే కాబట్టి అక్కడ బేరం మిగిలినా మేలే.

ఆప్టిక్స్ అంతా కలిపేశారు, డీఎస్పీలు తీసేశారు. మరి ధర తగ్గలేదెందుకు?

దిగుబడి వల్ల. ఎనిమిది ఇంజిన్లు అతికించాలి, ఒక్కోటి సవ్యంగా కూర్చునే అవకాశం 99 శాతం అనుకుందాం. ఎనిమిదీ బాగుండే అవకాశం 92 శాతానికి పడుతుంది. పదహారైతే 85. ఒక్కటి చెడినా దానితోపాటు ఖరీదైన స్విచ్ చిప్ కూడా ప్రమాదంలో పడుతుంది. అందుకే ప్రతి ఇంజిన్‌నూ అతికించే ముందే పూర్తిగా పరీక్షిస్తారు, కాంతితో చేసే పరీక్ష విద్యుత్ పరీక్ష కంటే నెమ్మది. పైగా సబ్‌స్ట్రేట్ పెద్దదయ్యే కొద్దీ వేడికి అప్పడంలా వంకర తిరుగుతుంది.

నా దగ్గరున్న ప్లగబుల్ స్విచ్‌లతో ఇది కలుస్తుందా?

ఫైబర్ మీద నడిచే కాంతి ప్రమాణం ఒకటే అయితే కలుస్తుంది. బైలీ 400 గిగాబిట్ల ఎఫ్‌ఆర్4 పోర్టులు 128 ఇస్తుంది. అవతల ఎఫ్‌ఆర్4 ప్లగబుల్ ఉంటే చాలు. అవతల డీఆర్ మాడ్యూళ్లు ఉంటే కలవవు, ఎందుకంటే డీఆర్ ఒక్కో లేన్‌కు ఒక్కో ఫైబర్ వాడుతుంది, ఎఫ్‌ఆర్4 నాలుగు తరంగదైర్ఘ్యాలను ఒకే ఫైబర్‌లో పంపుతుంది. మాడ్యూల్ మార్చి సరిచేసుకునే సౌకర్యం సీపీఓ వైపు ఉండదు. కాబట్టి ముందే ఫైబర్ ప్లాంటు (భవనంలో వేసిన ఫైబర్ల అమరిక) ఏ రకమో తేల్చుకోండి.

## అమర్చేటప్పుడు

ఒక్క పెట్టెకు ఎన్ని ఫైబర్లు వస్తాయి?

51.2 టెరాబిట్లను 100 గిగాబిట్ల లేన్లుగా, లేన్‌కో ఫైబర్ చొప్పున తీస్తే పంపడానికి 512, అందుకోవడానికి 512, మొత్తం 1,024. నాలుగు తరంగదైర్ఘ్యాలు కలిపితే 256. ముందు ప్యానెల్ దగ్గర ఈ సంఖ్యలు ప్లగబుల్స్‌తో ఉన్నవే. కొత్తగా తోడయ్యేవి పెట్టె లోపల ఇంజిన్ల నుంచి ప్యానెల్ దాకా పాకే ఫైబర్లూ, లేజర్ల నుంచి లోపలికి వచ్చేవీ. పెట్టె మూత తీస్తే పసుపు దారాల గూడులా ఉంటుంది. మెలిక గట్టిగా పడితే కాంతి కారిపోతుంది కాబట్టి ఫ్యాక్టరీలో వేసిన దారిని కదిలించకండి.

గాలి చల్లదనం చాలదా, నీళ్లు కావాల్సిందేనా?

తప్పనిసరి కాదు, కానీ మొగ్గు అటే ఉంది. వేడి మొత్తం తగ్గినా అది ఒకేచోట పోగవుతుంది. ముందు ప్యానెల్ పొడవునా పరచుకున్న వేడి ఇప్పుడు చిప్ చుట్టూ కొన్ని చదరపు అంగుళాల్లో ఉంటుంది. ఇంజిన్లకు నిలకడైన ఉష్ణోగ్రత కూడా కావాలి. క్వాంటమ్-ఎక్స్ ఫోటోనిక్స్‌ను ఎన్విడియా ద్రవ శీతలీకరణతోనే ఇస్తోంది. ర్యాక్ వరకు నీళ్లు తెచ్చుకోని చోట ఈ ఒక్క అంశమే ప్రాజెక్టును వాయిదా వేయిస్తుంది.

లేజర్ మాడ్యూల్ పీకితే కంటికి ప్రమాదమా?

జాగ్రత్త అవసరమే. ఒక లేజర్ పలు లేన్లకు కాంతి పంచుతుంది కాబట్టి దాని శక్తి మామూలు ప్లగబుల్ మాడ్యూల్ కంటే ఎక్కువ. 1,310 నానోమీటర్ల చుట్టుపక్కల కాంతి కంటికి కనబడదు కూడా. అందుకే ఈఎల్‌ఎస్‌ఎఫ్‌పీలో విద్యుత్ కనెక్టరూ ఆప్టికల్ కనెక్టరూ రెండూ మాడ్యూల్ వెనకవైపే ఉంటాయి. గుచ్చినప్పుడే కలుస్తాయి, మనిషి చేతికి ఫైబర్ కొస తగలదు. అయినా పెట్టె మూత తీసి, కరెంటు ఉండగా లోపలి కనెక్టర్ ఊడదీయడం మాత్రం ఎవరూ చేయకూడని పని.

## నడిపేటప్పుడు

లింక్ పడుతూ లేస్తూ ఉంది. ఎక్కడి నుంచి వెతకాలి?

ప్లగబుల్ రోజుల అలవాటు ప్రకారం చేయి ముందు మాడ్యూల్ మీదకే వెళ్తుంది: పీకి, ఊది, మళ్లీ గుచ్చు. ఇక్కడ పోర్టు దగ్గర పీకడానికి మాడ్యూల్ లేదు. కాబట్టి లెక్కలతో మొదలుపెట్టాలి.

పడుతున్న పోర్టు ఒక్కటేనా, ఒకే లేజర్ మీద ఆధారపడ్డ పోర్టులన్నీనా, ఒకే ఇంజిన్ పోర్టులన్నీనా చూడండి. ఈ మూడింటి పటం స్విచ్ వచ్చిన రోజే తీసి దగ్గర పెట్టుకోవాలి. గోల మొదలయ్యాక వెతికితే దొరకదు. ఒక్క పోర్టే అయితే అనుమానం ఫైబర్ మీదకూ ప్యానెల్ కనెక్టర్ మీదకూ పోవాలి. లేజర్ గుంపు అయితే లేజర్ మాడ్యూల్ పంపే శక్తి ఎంతో చదవండి. ఇంజిన్ గుంపు అయితే దాని ఉష్ణోగ్రత చూసి, కంపెనీకి టికెట్ వేయండి, అక్కడ మీరు చేయగలిగింది తక్కువ.

కనెక్టర్ శుభ్రత విలువ ఇక్కడ రెట్టింపైంది. 9 మైక్రాన్ల గర్భం మీద రెండు మూడు మైక్రాన్ల ధూళి కణం ఇరుక్కుంటే కాంతి తగ్గడమే కాదు, కొంత వెనక్కి కూడా తిరుగుతుంది. ప్లగబుల్‌లో మురికి నొక్కుకుపోయి గాజు ముఖం గీసుకుపోతే మాడ్యూల్ పారేసేవాళ్లం. ఇక్కడ ఆ ముఖం పెట్టెలో భాగం. కనెక్టర్ ముఖాన్ని పెద్దదిగా చూపే స్కోప్‌తో చూడకుండా ఏ ఫైబర్‌నూ గుచ్చకూడదన్న నియమాన్ని గోడకు రాసి పెట్టుకోవడం కాదు, పని టికెట్‌లో ఫోటో లేకపోతే టికెట్ మూయలేనట్టు చేయండి.

లేజర్ మాడ్యూల్ మార్చేటప్పుడు ట్రాఫిక్ ఆగుతుందా?

ఆ లేజర్ మీద ఆధారపడ్డ పోర్టులన్నీ ఆగుతాయి. అవి ఒకటి కాదు, పలు పోర్టులు. ముందుగా ఆ పోర్టుల ట్రాఫిక్ పక్కకు మళ్లించి అప్పుడు పీకండి. కొన్ని డిజైన్లలో అదనపు లేజర్ ఉంటుంది, అక్కడ ఈ బెడద తక్కువ.

స్పేర్లు ఏవి, ఎన్ని పెట్టుకోవాలి?

లేజర్ మాడ్యూళ్లు ధారాళంగా పెట్టుకోండి. పూర్తి పెట్టె కనీసం ఒకటి, అదే భవనంలో ఉండాలి. వేరే ఊరి గిడ్డంగిలో ఉన్న స్పేర్ స్పేర్ కిందికి రాదు.

## ఇంకా ముందుకు చూస్తే

జీపీయూల మధ్య కూడా ఆప్టిక్స్ వస్తే రాగి పని అయిపోయినట్టేనా?

ర్యాక్ లోపల రాగికి ఇంకా తిరుగులేదు. 72 జీపీయూలున్న ఎన్విడియా ఎన్‌వీఎల్72 ర్యాక్ అయిదు వేలకు పైగా రాగి కేబుళ్లతో జీపీయూలను కలుపుతుంది. లేజర్ లేదు, డీఎస్పీ లేదు, పాడవడానికి అందులో పెద్దగా ఏమీ లేదు. రాగి ఓడిపోయేది దూరం దగ్గర. 200 గిగాబిట్ల లేన్ మీద మామూలు రాగి కేబుల్ ఒకటి రెండు మీటర్లకు మించి సాగదు. జీపీయూల గుంపు ఒక ర్యాక్ దాటిన రోజున చిప్ నుంచే ఫైబర్ బయటికి రావాల్సి ఉంటుంది. అయార్ ల్యాబ్స్, లైట్‌మ్యాటర్ లాంటి కంపెనీలు పందెం కాసింది దాని మీదే.

ఇప్పుడు కొనాలా, ఇంకో తరం ఆగాలా?

ఇది నా అభిప్రాయం. మీ కరెంటు పరిమితి నిండిపోయి, ఒక్కో కిలోవాట్ మిగిల్చి జీపీయూలకు మళ్లించాల్సిన పరిస్థితి ఉంటే, నెట్‌వర్క్ పై అంచెలో ఇప్పుడే మొదలుపెట్టండి. 100 గిగాబిట్ల లేన్ల దగ్గరే ఉండి, కరెంటు ఇబ్బంది లేకపోతే ఎల్‌పీఓతో తక్కువ ఖర్చులో కొంత లాభం పొందవచ్చు, అదీ ఎప్పుడైనా వెనక్కి తీసుకోగల నిర్ణయం. ఏడాదికి పది స్విచ్‌లు కొనే సంస్థ మాత్రం ఆగడమే మంచిది. ఆ సంఖ్యకు మారు పెట్టెలూ శిక్షణా పెట్టే ఖర్చు గిట్టదు.

మరి ప్లగబుల్స్ కాలం చెల్లినట్టేనా?

లేదు. సర్వర్ కార్డుల దగ్గర అవే ఉంటాయి. ఒక డేటా సెంటర్ నుంచి ఇంకోదానికి, 80 నుంచి 120 కిలోమీటర్ల దాకా వెళ్లే 400జెడ్‌ఆర్ తరహా కోహెరెంట్ (కాంతి దశను కూడా వాడుకునే) లింకులకు డీఎస్పీ లేకుండా కుదరదు, వాటి మాడ్యూళ్లు ముందు ప్యానెల్‌లోనే ఉంటాయి. ఒకే పెట్టెలో కొన్ని పోర్టులు సీపీఓగా, కొన్ని ప్లగబుల్‌గా ఉండే డిజైన్లూ వచ్చాయి. హంబోల్ట్‌లో పోర్టులు సగం సీపీఓ, సగం రాగి.